మావారు నవ్వులపాలు చేసిన ఫ్రెంచి సినిమాలు

కరోనా రోజుల్లో, బర్ దుబాయ్‌లోని ఫ్లాట్ దాటి అడుగు బయటపెట్టే వీలు లేనప్పుడు, మావారు తన పాత హార్డ్ డిస్క్ బయటికి తీశారు. చదువుకునే రోజుల్లో ఫిల్మ్ క్లబ్బుల వెంట తిరిగిన మనిషాయన. అందులో డెబ్బైల నాటి ఫ్రెంచి శృంగార చిత్రాలున్నాయి. సెన్సారు పట్టు సడలాక పారిస్‌లో ఆలుమగలు కలిసి వెళ్లి, పెద్ద హాళ్ల ముందు బారులు తీరి చూసినవట.

"బూతనుకోకు. ఒక్కటి చూడు," అన్నారు.

సిగ్గుపడుతూనే కూర్చున్నాను. పల్చటి పరదా వెనక నుంచి తీసినట్టు మెత్తటి వెలుతురు, తొందరలేని కథ. కొన్ని నాకు నచ్చలేదు. ఆడమనిషిని బొమ్మలా అటూ ఇటూ తిప్పి చూపించారు. ఒకదాంట్లో మాత్రం, పెళ్లయిన ఆవిడ తనకేం కావాలో మొగుడికి నోరు తెరిచి చెబుతుంది. అతను నవ్వడు, కోప్పడడు, వింటాడు. నాకు ఏడుపొచ్చింది.

పెళ్లయిన ఇన్నేళ్లలో చెప్పనివన్నీ ఆ సాయంత్రం చెప్పాను. నాకేది ఇష్టమో, దేన్ని పంటి బిగువున ఓర్చుకునేదాన్నో. ఆయన నా చెయ్యి పట్టుకుని విన్నారు. ఆ తర్వాత కొన్ని నెలలు కొత్తగా కాపురానికొచ్చినట్టే ఉండింది నాకు.

ఆంక్షలు ఎత్తేశాక, అజ్మాన్‌లో ఉండే ఆయన స్నేహితుడు మమ్మల్నీ మరికొందరు స్నేహితుల్నీ భోజనానికి పిలిచాడు. వంటింట్లో నేను పెరుగుపచ్చడి కలుపుతుంటే ఆ ఇంటావిడ నవ్వాపుకుంటూ, "ఫ్రెంచి సినిమాలు చూసి ఏడుస్తారట కదా వదినా! మావారు చెప్పారు," అంది. ఇంతలో హాల్లో మగవాళ్లలో ఎవరో, ఆ సాయంత్రం నేనన్న మాటొకటి పొల్లుపోకుండా అన్నాడు. అందరూ నవ్వారు. మావారి నవ్వు కూడా వినపడింది.

తలనొప్పని చెప్పి వచ్చేశాం. కారు షార్జా దాటాక అడిగాను.

"ఎవరెవరికి చెప్పారు?"

"మా ఫ్రెండ్స్ వాట్సాప్ గ్రూపులో సరదాకన్నానే. మా ఆవిడ ఎంత ఫ్రీయో అని గొప్పగానే చెప్పా."

"నేను మీతో చెప్పుకున్నానండీ. మీ గ్రూపుతో కాదు."

"సరే, సారీ. ఖలాస్, వదిలెయ్. ఇంత చిన్నదానికి..."

ఆయనకు నిజంగానే అది చిన్న విషయం. గట్టిగా అడిగితే ఫోన్ కూడా చూపించారు. నవ్వు పుట్టించేవన్నీ రాశారు. నేనెందుకు ఏడ్చానో ఎక్కడా రాయలేదు.

ఇప్పుడాయన ఆఫీసుకెళ్లాక ఆ సినిమాలు ఒక్కదాన్నే చూస్తాను. ఏది నచ్చిందో, ఎందుకు నచ్చిందో ఫోనులో మా చెల్లెలికి చెబుతాను. ఆయన అడిగితే, "ఏదో చూశాన్లెండి" అంటాను. పిల్లల చదువూ, ఇంటద్దే, ఊరి కబుర్లూ అన్నీ మాట్లాడుకుంటాం. నా మనసులోది మాత్రం ఆయన దగ్గర మళ్లీ ఎత్తలేదు.