సంగం అన్నందుకు

సంగమంటే ఏందో నేను బడిల నేర్వలే. కరీంనగర్ దిక్కు మా ఊళ్లె కరెంటు మగ్గాలు కొత్తగ వచ్చిన కాలమది. మేం వాటిని సాంచెలంటుంటిమి. కార్ఖానల సేటు నోట్లె సంగమనే మాట తిట్టే. మనిషి ఎదురు మాట్లాడితే సాలు, "సంగపోడా" అని ఉమ్మేస్తుండె.

ఒకనాడు మా బాపు సాంచెల నడుమ నిలవడి, "కూలి పెంచుమని అందరం కలిసి అడుగుదాం, సంగం పెడదాం" అన్నడు. సేటు మనుషులు ఇద్దరచ్చి బాపు రెక్కలు యెనకకు ఇరిసి పట్టిండ్రు. సేటు సాంచెల పోగు మోసుకొని అటిటు ఉరికే నాడె గుంజి, దాని ఇనుప మొనతోని బాపు మూతి మీద కొట్టిండు. పండ్లు ఊడి, నేసిన తెల్లబట్ట మీద పడ్డయి.

"ఇంకోపాలి అను!" అని మళ్ల కొట్టిండు. సాంచెల మోతల బాపు ఒర్లుడు బయటికి ఇనవడలే.

మా వాడల ఎవలన్న సస్తే, పీనుగ లేసేదాక ఎవలూ మగ్గం నడుపరు. అది తాతల కాన్నుంచి ఉన్నదే, ఒకలు జెప్పేది లేదు. తెల్లారి వాడల ఒక్క సాంచె నడువలే. సంగమని ఒక్కలూ నోరిప్పలే.

సేటు ఉరికచ్చిండు. కార్ఖాన గడప మీద నన్ను గన్న అవ్వ కూసున్నది. ఒళ్లె బాపు నెత్తురు బట్ట, చేతిల గా నాడె.

"ఎవలు సచ్చిండ్రే?" అని మొత్తుకున్నడు సేటు.

"ఇంకా ఎవలు సావలే," అన్నది అవ్వ. "లేసే పీనుగ నీదో మాదో, ఇయ్యాల నువ్వే తేల్చు."