రెండో పొయ్యి

ఉప్పుగూడలో మాది రెండు గదుల ఇల్లు. అమ్మ, అన్నావదినలు, నేను, నా భార్య, పిల్లలు. వంట మాత్రం ఒక్కచోటే, పెత్తనమంతా అమ్మదే. కొత్త రేషన్ కార్డులు ఇస్తున్నారని తెలియగానే బస్తీ లీడర్ వచ్చి ఉపాయం చెప్పాడు. బియ్యం మనిషికింత అని ఎలాగూ ఇస్తారు, గ్యాస్ రాయితీ, ఇల్లు లాంటివి మాత్రం కార్డుకొక్కటే కదా అన్నాడు.

"వేరు పడ్డట్టు సూపెట్టుండ్రి అన్నా. రెండు పొయ్యిలుంటే సాలు, కార్డుల సర్వే సారొచ్చి సూసి రాసుకపోతడు."

అమ్మకు మనసొప్పలేదు. ఉత్తుత్తిదే కదా అని అందరం నచ్చజెప్పి, ముందు గదిలో వదిన పేరున కొత్త స్టవ్ పెట్టాం. అది తళతళలాడుతుంటే సారుకు అనుమానం వస్తుందని, కాస్త మరకలు పడనివ్వమని మళ్లీ లీడరే చెప్పాడు. వదిన రోజూ దాని మీద చాయ్ పెట్టి కావాలనే పొంగించేది. మేం చుట్టూ చేరి నవ్వేవాళ్లం. అమ్మ కూడా నవ్వింది.

సారు నెలల తరబడి రాలేదు. ఈలోగా ఆ స్టవ్ మీద చాయ్ తర్వాత వదిన పిల్లలకు గుడ్లు ఉడికాయి, ఆ తర్వాత పప్పు ఉడికింది. నా భార్య నూనె డబ్బా లోపల పెట్టుకోవడం మొదలుపెట్టింది. ఒకరి కూరకు ఒకరు వంకలు పెట్టుకుని, లొల్లి చేసుకుని, చివరికి గదుల మధ్య తలుపు వేసుకున్నారు. ఎన్నికలప్పుడు లీడర్ ఆ రెండు గదులకూ విడివిడిగా వచ్చి ఓటడిగాడు.

పథకాలను తిట్టలేను, ఆ బియ్యమే మా పిల్లలు తింటున్నారు. కానీ విడిపోతేనే లాభమని లెక్కగట్టిన మహానుభావుడెవరో తలుచుకుంటే ఒళ్లు మండుతుంది. ఆయన మా ఇంట్లో ఒక్కపూట కూర్చుని తింటే తెలుస్తుంది.

సారు చివరికి ఒక మధ్యాహ్నం వచ్చాడు. అప్పటికే రెండు గదుల్లోనూ భోజనాలయిపోయాయి. మరకలు పట్టిన రెండు స్టవ్‌లూ చూసి, అంతా సరిగ్గానే ఉందన్నాడు. ఇక అమ్మను ఏ కార్డులో రాయాలో తేల్చాలి. అన్న నా వైపు చూశాడు, నేను గోడ వైపు చూశాను. సారు గడపలో కూర్చున్న అమ్మనే అడిగాడు, ఎవరి దగ్గర తింటున్నావని.

"పిలిచినోళ్ల దగ్గర తింటున్న బిడ్డా," అంది అమ్మ. "ఇయ్యాల ఇంకా ఎవ్వలు పిలువలె."