గీతలక్క వదిలే సందు

వాన ఇంట్లో కారకుండా పైకప్పు లోపలివైపు గుర్తులు గీయడం గీతలక్క వృత్తి. అది తల్లి దగ్గర నేర్చుకున్న శాస్త్రం. గుర్తు చివర వేలెడంత సందు వదలాలి. వాన బలమంతా అందులోంచే బయటికి పోతుంది. సందు మూశారో, గుర్తు చచ్చి ఊరుకుంటుంది, ఇల్లు కారుతుంది. ఈ ముక్క చెప్పీ చెప్పీ ఆమె నోరు పడిపోయింది.

అయినా చినుకు పడితే చాలు, ఎవరో ఒకరు తగలడతారు. ఇవాళ దర్జీ పెళ్లాం వచ్చింది.

"అక్కా, చివర్లో కాస్త గీయడం మర్చిపోయావు కదా, నేనే సుద్దముక్కతో కలిపేశా. అయినా కారుతోంది!"

"అయినా కాదే తల్లీ, అందుకే కారుతోంది! మీ ఆయన సూదికి కన్నం ఉందని నేనొచ్చి పూడ్చానా?"

తిట్టుకుంటూనే వెళ్లి, ఆ గుర్తు చెరిపి మళ్లీ గీసి, తడిసి ముద్దయి ఇల్లు చేరింది. చూస్తే సరిగ్గా తన మంచం మీదే ధార కడుతోంది. మొగుడు నిచ్చెన దిగుతున్నాడు. ఏళ్ల తరబడి ఆమె వెనకాలే సుద్దడబ్బా మోస్తూ, ఆ తిట్లన్నీ చెవులారా విన్న మనిషి.

"ఊరందరి ఇళ్లకీ గీస్తావు, మనింటిది మాత్రం సగంలో వదిలేశావేంటే?" అన్నాడు చేతులు దులుపుకుంటూ. "నేను పూర్తి చేశాలే."