ఆ ప్రశ్నకు మా అమ్మ చెప్పిన జవాబు

మా కంపెనీ దొరలకు జర్మన్ నాటకాలంటే గిట్టదు. "హాయిగా నవ్వుకుందామని వస్తే కూర్చోబెట్టి పరీక్ష పెడతారు" అని గొణిగేవారు. అలాంటి ఒక నాటకాన్ని లండన్ పత్రికలవాళ్లు కూడా పాఠం అని వెక్కిరించారట. అయినా మా రేవు పక్కన గార్డెన్ రీచ్‌లోని ఆఫీసర్ల క్లబ్బులో దాన్నే ఇంగ్లీషులో ఆడాలని పట్టుబట్టాడు, అక్కడ నాటకాలు వేయించే ఇంగ్లీషు దొర. స్వాతంత్ర్యం వచ్చి పదేళ్లు దాటినా ఊరు వదలని మొండి మనిషి. నేను కంపెనీలో ఆయన దగ్గర టైపిస్టుని. నాటకం ప్రతులు కొట్టడం, తెర వెనక నుంచి మాటలు అందించడం నా పని.

కథ ఒక విధవరాలిది. పడవ మునిగి మొగుడు పోతాడు. తప్పు అతనిదేనని యజమాని రాసిన కాగితం మీద ఆవిడ సంతకం చేస్తుంది. చివర్లో హాల్లో దీపాలన్నీ వెలుగుతాయి. ఆవిడ ముందుకొచ్చి, "మీరైతే ఏం చేసి ఉండేవారు?" అని అడుగుతుంది. అంతే, అయిపోయింది.

ఆ పేజీ టైపు చేస్తూ రెండుసార్లు తప్పు కొట్టి కాగితం మార్చాను. మా నాన్న రేవులో జనపనార బేళ్లు మీదపడి పోయాడు. తాగి పనిలోకి వచ్చాడని కంపెనీ రాసింది. అయ్యో, చుక్క ముట్టని మనిషి! ఆ కాగితం మీద అమ్మ వేలిముద్ర వేసింది. నాకు ఉద్యోగం వచ్చింది. ఆ మాట మళ్లీ అమ్మ ఎత్తలేదు, నేను అడగలేదు.

"ఆ చివరి ప్రశ్న కొట్టేద్దాం" అన్నాడు దొర ఒకరోజు. "మావాళ్లు జవాబు చెప్పరు. దగ్గి, టోపీలు వెతుక్కుంటారు."

"ఉంచండి సార్" అన్నాను. ఎక్కడ నుంచి వచ్చిందో అంత ధైర్యం! ఆయన నా మొహం చూసి ఉంచాడు. "ఒక్కరు జవాబిచ్చినా చాలు నాకు" అన్నాడు.

ఆదివారం మధ్యాహ్నం నాటకం. వెనక బెంచీలు పనివాళ్ల కుటుంబాలకి. మేముండే ఏక్‌బాల్‌పూర్ నుంచి అమ్మని తీసుకెళ్లాను. ఆవిడకి ఇంగ్లీషు రాదని కథంతా, ఆ ప్రశ్నతో సహా, ముందే చెప్పాను. నేను మరిచిపోయింది ఒక్కటే. మా తెలుగు చర్చిలో ప్రసంగం చివర పాస్టరుగారు ఒక ప్రశ్న వేస్తారు. అది ఎవరికి తగిలితే వాళ్లు లేచి, తమ సంగతి అందరి ముందూ సాక్ష్యంగా చెప్పాలి. కూర్చుని ఉండటం పాపం.

దీపాలు వెలిగాయి. విధవరాలి వేషంలో ఉన్న దొరసాని ప్రశ్న అడిగింది. అమ్మ లేచింది.

"నానూ ఏసినాను మేంసాబూ! మా మావ తాగనేదు. తాగినాడని రాసిన కాయితం మీద ఏలిముద్ర నానే ఏసినాను. పిల్లకి ఉజ్జోగం ఇత్తామన్నారు. ఏసీసినాను."

తెలుగు ఒక్క ముక్క రాని ముందు వరసలో పకపకా నవ్వులు. "జర్మన్ పద్ధతి! జనంలో తన మనిషిని పెట్టాడు" అంటూ ఆ కాగితం రాయించిన మేనేజరే చప్పట్లు కొట్టాడు. నా ఒళ్లు మండిపోయింది. ఆ మాటలు అర్థమైతే నా ఉద్యోగం ఊడుతుందని భయం కూడా.

దొర తెర వెనక్కి పరుగెత్తుకొచ్చాడు. "ఎవరావిడ? ఏమంది?" ఆయన కళ్లలో ఎంత ఆశ! చప్పట్లు కొడుతున్న మేనేజరు తెర సందులోంచి నాకు కనిపిస్తూనే ఉన్నాడు.

"మా అమ్మ సార్. నాటకం బాగుందంటోంది."

"ఓ" అన్నాడు. అంతే. మర్నాడు రెండో ఆటకి ఆ పేజీ కొట్టేశాడు.

ఆ ఆదివారం సాయంత్రం తిరుగు బస్సులో అమ్మ మొహం తేటగా ఉంది. నాన్న పోయాక అలా చూడలేదు ఆవిడని.

"నా మాట ఆలికి ఇంగిలీసులో సెప్పినావా?"

"చెప్పానమ్మా."

"ఏటన్నారు?"

"విన్నారు" అన్నాను.

అమ్మ నా చెయ్యి పట్టుకుంది. "పోన్లే తల్లీ. మీ నాన్న తాగనేదని ఇప్పుడందరికీ తెలిసింది" అంది.