గోతంలో వేడి

2022 వేసవి సెలవులు. చిలకలూరిపేటకు కాస్త దూరంలో ఒక చర్చి బడి. ఆవరణలో పిల్లలు ఆడుకునే చెక్క బొమ్మరిల్లు ఉంది. ఎక్కడానికి నిచ్చెన, దిగడానికి జారుడుబల్ల, కింద ఇద్దరు పిల్లలు పట్టే చిన్న గది. వానకు నాని, ఎండకు పగిలి పలకలు పెచ్చులు లేస్తున్నాయి. బడి తెరిచేలోగా బాగుచేయమని హెడ్‌మిస్ట్రెస్ సునీత గారు నన్ను పిలిచారు.

ఇరవై ఏళ్లుగా తలుపులూ గేట్లూ ఎనామెల్‌తో లాగించేసిన పెయింటర్ని. మేడమ్ దానికి ఒప్పుకోలేదు. "పసిపిల్లలు శ్రీనూ, ఘాటు రంగులొద్దు" అన్నారు. అందుకని ముందు లిన్సీడ్ ఆయిల్, అంటే అవిసె నూనె పట్టించాలనుకున్నాం. అది చెక్కలోకి ఇంకి నీళ్లను ఆపుతుంది. నేను దాన్ని ఎన్నడూ వాడలేదు. ఆ మాట పైకి అనలేదు. నూనె రాయడం కూడా ఒకరిని అడగాలా అని నా పొగరు.

పొద్దున ఆరింటికి మొదలుపెట్టాను. నూనె పూసి, కాసేపాగి, పైన మిగిలినదాన్ని కాటన్ వేస్ట్‌తో తుడవాలి. కాటన్ వేస్ట్ అంటే మిల్లులో మిగిలిన నూలు చిక్కు. మా వైపు దానికి కరువు లేదు కాబట్టి ధారాళంగా వాడాను. పదకొండుకి నూనెతో తడిసిన వేస్టంతా ప్లాస్టిక్ గోతంలోకి కుక్కి, గాలికి ఎగరకుండా బొమ్మరింటి కింద గదిలో పెట్టి, పై పూత డబ్బా కోసం పేటకి వెళ్లాను.

దారిలో అన్నం తిని చేరేసరికి ఒంటిగంటన్నర అయింది. రంగుల షాపు వెంకట్రావు డబ్బా చేతికిస్తూ అడిగాడు. "ఏరా, తుడిచిన వేస్టు నీళ్లలో వేశావా?"

"గోతంలో పెట్టా. ఏం?"

"ఒరేయ్, ఆ నూనె ఆరేటప్పుడు వేడి పుడద్దిరా. పలక మీదైతే గాలికి పోద్ది. ముద్దగా కుక్కితే లోపలే పెరిగి దానంతటదే అంటుకుంటది. పో ముందు!"

డబ్బా అక్కడే వదిలేశాను. మేడమ్‌కి ఫోన్ చేస్తే ఎత్తలేదు. ఆవరణలో ఆయా మార్తమ్మా, మూడేళ్ల మనవరాలు గ్రేసీ తప్ప ఎవరూ లేరు. మార్తమ్మకి ఫోనే లేదు. హైవే మీద పత్తి లారీల మధ్య నుంచి బండి తోలాను. గ్రేసీకి ఆ గదంటే ఇష్టమని నాకు తెలుసు. దూరంగా ఎక్కడ పొగ కనబడినా అది బడిదేనేమో అనిపించింది.

గేటు దగ్గర బండి పడేసి పరిగెత్తాను. మార్తమ్మ వరండాలో చింతకాయలు కొడుతోంది.

"పాపేది?"

"ఆ గూట్లో పడుకుందయ్యా. చల్లగా ఉందని..."

గ్రేసీ గోతానికి మూరెడు దూరంలో నిద్రపోతోంది. గదంతా మాడిన నూనె వాసన. పిల్లను చెయ్యి పట్టుకుని లాగేశాను. తను కెవ్వుమంది. మార్తమ్మ నా మీద విరుచుకుపడింది. "నిద్దరపోయే బిడ్డని అట్టా ఈడుస్తారా? మనిషివేనా?"

పిల్లను ఆమె చేతిలో పెట్టి, గోతాన్ని కర్రతో బయటికి లాగాను. ఒక పక్క ప్లాస్టిక్ అప్పటికే కరిగి ముడుచుకుపోయింది. మూతి ఊడగానే గుప్పున పొగ లేచింది. నాలుగు బకెట్లు గుమ్మరించాక విప్పి చూస్తే, మధ్యలో వేస్టు నల్లగా కాలి ఉంది. అక్కడే కూలబడి ఏడ్చాను.

ఎవరో బీడీ పడేశారని చెప్పి తప్పించుకోవచ్చు. నోటిదాకా వచ్చింది కూడా. కానీ ఇంకో పూత నూనె పట్టించాల్సి ఉంది. మార్తమ్మకి నిజం తెలియకపోతే పిల్లను మళ్లీ అక్కడే పడుకోబెడుతుంది. ఉన్నదున్నట్టు చెప్పాను. సాయంత్రం మేడమ్‌కి కూడా చెప్పాను. "ఇక నుంచి తెలియనిది తెలియదని చెప్పండి" అన్నారు. పని మాత్రం మాన్పించలేదు.

వారం తరువాత పూతలన్నీ ఆరాయి. గ్రేసీ నిచ్చెన వైపు ఉరికింది. "ఎక్కనివ్వు మార్తమ్మా, ఇప్పుడేం భయం లేదు" అన్నాను. ఆమె నా మాట వినిపించుకోలేదు. పిల్లను చంకనెత్తుకుని ముందు గదిలోకి వంగి మూలమూలా తడిమింది. తరువాత ఒక్కో మెట్టూ, జారుడుబల్లా అరచేత్తో రుద్ది చూసుకుంది. ఒకప్పుడైతే నాకు చురుక్కుమనేది. ఆ రోజు మాత్రం, ఆమె చూడటం పూర్తయ్యేదాకా పక్కన చేతులు కట్టుకుని నిలబడ్డాను.