మా నాన్న వైబీగా ఉన్న రోజులు

మా చిన్నప్పుడు... శనివారం తెల్లారేసరికి మా ఇంటి వసారా జనంతో నిండిపోయేది. గోడవారగా వేసిన పొడుగాటి బెంచీ మీద తోటలో పామాయిల్ గెలలు కోసేవాళ్ళు, పింఛను రాని ముసలమ్మలు, మలయ్ రైతులు, వీధి మూల మీద కొట్టు నడిపే చీనా ఆవిడ... అందరూ మా నాన్న కోసమే. ఒక శనివారం నేనూ వెళ్ళి ఆ వరసలో కూర్చున్నాను.

మాది మలేషియాలో పేరాక్ రాష్ట్రం. ముత్తాతల కాలంలో శ్రీకాకుళం వైపు నుంచి తోటపనికి ఓడెక్కి వచ్చిన కుటుంబం. నాన్న తోట బళ్ళో మాస్టారు. కూలీల ఇళ్ళకు నీళ్ళు రావడం లేదని మేనేజరుతో గొడవపడి, చుట్టుపక్కల తోటలన్నిటికీ తెలిసిపోయారు. పార్టీవాళ్ళు వచ్చి ఉద్యోగం మాన్పించి రాష్ట్ర శాసనసభకు నిలబెట్టారు... గెలిచారు.

ఆ రోజు నుంచి ఆయన వైబీ అయిపోయారు. అక్కడ శాసనసభ్యుణ్ణి అలాగే పిలుస్తారు, గౌరవనీయులు అని. ఊరంతా వైబీ. నలుగురిలో ఉన్నప్పుడు మా అమ్మ కూడా "వైబీ గారు భోంచేస్తారా?" అనేది. నాకు ఒళ్ళు మండేది.

ఆదివారం వస్తే పెళ్ళిళ్ళు. ఒక హాల్లో అక్షింతలు, ఇంకో హాల్లో రెండు ముద్దలు, మూడో హాల్లో ఫోటో. చావు కబురు వస్తే మాత్రం చేతిలో ముద్ద కూడా వదిలేసి వెళ్ళేవారు. అమ్మ ఆయన కంచం మీద మూత పెట్టి, "ఇంట్లో ఈగల మోత, బయట పల్లకీ మోత" అని గొణుక్కునేది. వంటింటి కప్పు ఆ ఏడాదంతా కారుతూనే ఉంది మరి... ఊళ్ళో వాళ్ళ కప్పులన్నీ ఆయనే వేయించారు.

బెంచీ సంగతి చెబుతున్నాను కదా... నా వంతు వచ్చింది. నాన్న కాగితాల్లోంచి తల ఎత్తకుండానే "ఊఁ, చెప్పండి, ఏటి సమస్య?" అన్నారు. నేను బల్ల మీదికి వంగేసరికి తలెత్తి నవ్వారు.

"నువ్వేటే ఇక్కడ?"

"మా బళ్ళో ఆటల పోటీలు నాన్నా. పరుగుపందెంలో ఉన్నాను. నువ్వు రావాలి."

"తప్పకుండా వస్తానమ్మా" అన్నారు. నా ముందు కూర్చున్న ముసలమ్మతోనూ అదే మాట, అదే గొంతుతో అన్నారు. అయినా నేను ఎగురుకుంటూ లోపలికి వెళ్ళాను.

వచ్చారు. ముఖ్య అతిథిగా వచ్చారు. ఆయన కారు దిగేసరికి నా పందెం అయిపోయింది. పూలదండ వేశారు, ఉపన్యాసం అయింది, కప్పులు పంచడం మొదలైంది. నా పేరు పిలిస్తే వేదిక ఎక్కాను. నాన్న నా చేతిలో కప్పు పెట్టి, కెమెరా వైపు చూస్తూ నా చెయ్యి ఊపి, అందరికీ చెప్పినట్టే మలయ్‌లో అభినందనలు చెప్పారు. తర్వాతి పిల్ల వచ్చేసింది. నేను మెట్లు దిగి, తడిక వెనక్కి వెళ్ళి ఏడ్చాను. ఆ ఫోటో మర్నాడు పేపర్లో పడితే అమ్మ ఎంత మురిసిపోయిందో...

మూడుసార్లు గెలిచారు. నాలుగోసారి గాలి మారింది, ఓడిపోయారు. ఆ వచ్చిన శనివారం నాన్న ఎప్పటిలాగే ఇస్త్రీ చొక్కా వేసుకుని కూర్చున్నారు. ఎవరూ రాలేదు. మధ్యాహ్నం దాకా చూసి, ఆకలేస్తోందని తనే వంటింట్లోకి వచ్చారు. ఆయన అలా రావడం నేను అదే మొదటిసారి చూశాను.

తర్వాత నేను నర్సుగా సిడ్నీ వచ్చాను. అమ్మ పోయాక నాన్నని కూడా తెచ్చుకున్నాను. వెస్ట్‌మీడ్‌లో హాస్పిటల్ పక్కనే అద్దె ఫ్లాట్. ఇక్కడ కూడా ఆయన పొద్దున్నే తల దువ్వుకుని, బాతిక్ చొక్కా వేసుకుని బాల్కనీలో కూర్చుంటారు. లిఫ్టులో ఎవరు కనబడినా నమస్కారం పెడతారు. చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకున్నవాళ్ళు తలూపి వెళ్ళిపోతారు. మావాడు "తాతా, హూ ఆర్ యు వెయిటింగ్ ఫర్?" అంటే నవ్వి ఊరుకుంటారు.

పోయిన నెల పై అంతస్తులో ఒక పెద్దాయన పోయారు. గుంటూరు వాళ్ళు, కొడుకుది పారమట్టాలో ఐటీ ఉద్యోగం. కబురు చెవిన పడగానే నాన్న తెల్ల చొక్కా వేసుకుని మెట్లెక్కేశారు. "వాళ్ళు మనకి తెలీదు నాన్నా" అంటూ నేను వెనకాలే వెళ్ళాను. తిన్నగా లోపలికి వెళ్ళి, ఆ కొడుకు పక్కన కూర్చుని, రెండు చేతులూ పట్టుకున్నారు.

"వ్యాను, పంతులుగారు, వంట... ఏటి కావాలన్నా చెప్పు బాబూ. నేను చూసుకుంటాను."

అతను కళ్ళు తుడుచుకుని, "థాంక్స్ అంకుల్... అంతా ఫ్యునరల్ వాళ్ళే చూసుకుంటున్నారండీ, ఆన్‌లైన్‌లో బుక్ చేసేశాం. సారీ అంకుల్, మీరెవరో నాకు గుర్తు రావట్లేదు" అన్నాడు.

నాన్న గదిలో వాళ్ళందరినీ చూశారు. తర్వాత గుమ్మంలో నిలబడ్డ నన్ను చూపించి, "కింద ఫ్లాట్‌లో నర్సమ్మ ఉంది గదా... ఆ పిల్ల తండ్రిని బాబూ" అన్నారు.

పుట్టి బుద్ధెరిగాక నేను ఎక్కడికి వెళ్ళినా వైబీ గారి అమ్మాయినే. ఆయన నా నాన్నగా ఉంటే చాలని ఎన్ని మొక్కులు మొక్కానో. ఇన్నేళ్ళకు ఆ మాట ఆయన నోటి నుంచే విన్నాను... సంతోషం రాలేదు. ఆ గదిలో ఎవరో ఒకరు, ఎవరైనా సరే, లేచి నిలబడి "రండి వైబీ గారూ, కూర్చోండి" అంటే బాగుండునని అనిపించింది.

అప్పట్లో ఊరికొక మనిషి ఉండేవాడు, గుమ్మం తీసి ఉండేది... ఇప్పుడు అన్నీ ఫోన్లోనే అయిపోతున్నాయి, మనిషి అక్కర్లేదు. మీ ఇంట్లోనూ ఇలా ఊరందరి మనిషి ఎవరైనా ఉండేవారా? ఉంటే రాయండి... నాన్నకి చదివి వినిపిస్తాను.