నాలుగు చోట్ల రాసిన ఓడ టైము

సువా రేవు పక్క వీధిలో, మేడ మీది చిన్న ఆఫీసులో వాసితి తొమ్మిదేళ్లుగా యాప్‌లు రాస్తోంది. దీవులకు వెళ్లే ఓడల యాప్ ఆమె చేతుల్లోనే పెరిగింది. మొదట ఒక్కటే పేజీ. తరవాత టిక్కెట్టుకొకటి, సామానుకొకటి, కబుర్లకొకటి వచ్చి చేరాయి. హడావిడిలో ఎవరి పేజీలో వాళ్లు ఓడ టైమును విడిగా దాచుకున్నారు. ఒకచోట మారితే మిగతా మూడింటికీ కబురందాలి. ఒక్కోసారి అందేది కాదు.

టైమును ఒకే చోట ఉంచుదాం, పేజీలన్నీ అక్కణ్ణించే చదువుకుంటాయి అని వాసితి రెండుసార్లు అడిగింది. యజమాని అపొరోసా చెడ్డవాడేం కాదు, నెత్తిమీద పని ఎక్కువ.

"నడిచే ఓడకి అడుగుచెక్క ఊడబీకుతానంటావేంటి? క్రిస్మస్ వెళ్లాక చూద్దాంలే," అన్నాడు.

ఆమె మళ్లీ అడగలేదు.

ఫిబ్రవరిలో కోరో దీవి నుంచి ఫోనొచ్చింది. పెదనాన్న మనాసాకు ఊపిరందడం లేదట, తమ్ముణ్ణి రమ్మంటున్నాడట. వాసితి తండ్రి ఇలైతియా, ఆయనా చేమదుంపల తోట హద్దు దగ్గర మాటామాటా అనుకుని పదకొండేళ్లు పలకరించుకోలేదు. ఇలైతియా ఆ క్షణమే కూతురి యాప్‌లో మర్నాటి టిక్కెట్టు తీసుకున్నాడు.

తుపాను భయంతో ఓడవాళ్లు సాయంత్రం ఆరింటి ప్రయాణాన్ని మధ్యాహ్నం రెండింటికి జరిపారు. మొదటి పేజీలో టైము మారింది. టిక్కెట్టు పేజీలో ఆరే ఉండిపోయింది. ఆయన చూసుకున్నది టిక్కెట్టునే. వేరే పనిలో ఉన్న వాసితికి ఆ మార్పు సంగతే తెలియదు. నాలుగున్నరకు అన్నకు కానుకగా చాపలచుట్ట, నూరి పానీయం చేసుకునే యంగోనా వేళ్ల కట్ట పట్టుకుని ఆయన రేవుకు వెళ్తే ఓడ లేదు. ఆరు రోజులు ఓడలు కదల్లేదు. నాలుగో రోజున మనాసా పోయాడు.

వాసితి దాచలేదు. "తప్పు మాదే నాన్నా. ఇలా అవుతుందని నాకు ముందే తెలుసు."

"తెలిసీ ఎందుకూరుకున్నావమ్మా?" అన్నాడు ఇలైతియా. గొంతులో కోపం లేదు.

సోమవారం ఆమె అనుమతి అడగలేదు, మొదలుపెడుతున్నానని చెప్పింది. అపొరోసా తలూపాడు. మూడు వారాలు కూర్చుని నాలుగు చోట్ల ఉన్న టైమును ఒక్కచోటికి తెచ్చింది. కబుర్లు మోసే గజిబిజి కోడ్ అంతా తీసేసింది. పైకి యాప్ ఎప్పటిలాగే ఉంది. ఎవరూ గమనించలేదు. తప్పు ఒప్పుకునేవాళ్లు ఆచారంగా ఇచ్చే తిమింగలం పన్ను తీసుకుని అపొరోసా ఇలైతియా ఇంటికొచ్చి, చాప మీద తలవంచుకుని క్షమాపణ అడిగాడు. ఇలైతియా దాన్ని రెండు చేతులా అందుకున్నాడు.

మనాసా పోయిన నూరో రోజు కర్మకు తండ్రీకూతుళ్లు కోరో వెళ్లారు. సమాధి మీద కొత్త గుడ్డలు కప్పుతూ పెద్దమ్మ మరిదితో మెల్లగా అంది: "పడక గుమ్మం వైపు తిప్పించుకున్నాడయ్యా. నువ్వు రాగానే కనబడాలని."

ఇలైతియా అక్కడే కూర్చుని గుడ్డ ఒక అంచు సర్దాడు. వాసితి ఆయన పక్కన కూర్చుని రెండో అంచు పట్టుకుంది.